జేకబ్సమ్మ ఇంటివైద్యం

పాలల్లో పసుపూ మిరియాలూ వేసి కాచి మనం ఇస్తే అది ఇంటివైద్యం. అదే పసుపుని మాత్ర చేసి డాక్టరుగారు చీటీ మీద రాస్తే అది మందు. ఈ తేడా మనకి కొత్త కాదు. అమెరికాలో కూడా వుందని మాత్రం నాకు ఈమధ్యే తెలిసింది. 1962లో లూయీ మంఫర్డ్ అనే పెద్దాయన, నగరాల చరిత్ర రాసి దేశదేశాల్లో పేరు తెచ్చుకున్నాయన, ‘ది న్యూయార్కర్’ పత్రికలో ఒక పుస్తకం మీద విమర్శ రాస్తూ దానికి ‘మదర్ జేకబ్స్ ఇంటివైద్యాలు’ అనే అర్థం వచ్చేలా పేరు పెట్టాడు. వెక్కిరింపే, సందేహం లేదు. ఆ పుస్తకం 1961లో జేన్ జేకబ్స్ అనే ఆవిడ రాసిన ‘ది డెత్ అండ్ లైఫ్ ఆఫ్ గ్రేట్ అమెరికన్ సిటీస్’. మన మాటల్లో చెప్పుకుంటే, అమెరికా మహానగరాల చావుబతుకులు.

పుస్తకం మా అమ్మాయి అల్మరాలోది. నాలుగొందల పేజీలు దాటి వుంది. ఒక్క బొమ్మ లేదు. బొమ్మల సంగతి అడుగుతారని ఆవిడకీ తెలుసు కాబోలు, ముందే చెప్పేసింది: బొమ్మలన్నీ మీ చుట్టూ వున్నాయి, మీ వూరినే కాస్త పరకాయించి చూడండి అని. సరే, చూద్దాం అనుకున్నాను. నా పుట్టిల్లు జమ్మలమడుగు, మెట్టినిల్లు ప్రొద్దుటూరు, ఆడబిడ్డది పులివెందుల. నాకు తెలిసిన మహానగరాలు అవే.

ముందు ఆవిడ గురించి నాలుగు మాటలు. 1916లో స్క్రాంటన్ అనే బొగ్గు గనుల పట్నంలో పుట్టింది. కాలేజీ డిగ్రీ లేదు. పత్రికల్లో పనిచేస్తూ కట్టడాల గురించి రాయడం నేర్చుకుంది. భర్త ఆర్కిటెక్టు, ముగ్గురు పిల్లలు. న్యూయార్కులో హడ్సన్ స్ట్రీట్ మీద, ఒకప్పుడు మిఠాయి అంగడిగా వున్న ఇంట్లో కాపురం. వీధికి ఆనుకున్న వాకిలి. ఆ వాకిట్లో నిలబడి చూసిందంతా పుస్తకంలో వుంది. పొద్దున్నే చెత్తడబ్బా బయట పెట్టడం, అంగళ్లవాళ్లు ఒక్కొక్కరే తలుపులు తియ్యడం, బడిపిల్లలు గుంపులుగా పోవడం, రాత్రి పొద్దుపోయాక సారాయి అంగడి నుంచి ఇళ్లకి పోయే కూలీల మాటలు. ఇవన్నీ కలిసి ఒక నాట్యంలా వుంటాయంటుంది. ఇదేం శాస్త్రం అని పెద్దలు నవ్వారు.

ఆవిడకి ఎదురుగా నిలబడ్డ మనిషి రాబర్ట్ మోసెస్. ఒక్క ఎన్నికలోనూ గెలవకుండానే న్యూయార్కు రోడ్లూ వంతెనలూ పార్కులూ తన చేతిలో పెట్టుకుని దశాబ్దాలపాటు నడిపినాయన. వాషింగ్టన్ స్క్వేర్ అనే తోట మధ్య నుంచి కార్ల రోడ్డు వెయ్యాలని ఆయన పట్టుబట్టాడు. ఆ తోటలో పిల్లల్ని ఆడించుకునే తల్లులు అడ్డం పడ్డారు. దీనికి అడ్డం చెప్పేది తల్లుల గుంపు తప్ప ఇంకెవరూ లేరని ఆయన విసుక్కున్నాడట. ఆ తల్లుల గుంపే గెలిచింది. 1958లో తోటలోకి కార్లు మానేశాయి. తర్వాత ఆవిడ వుండే పేటనే మురికివాడ కింద లెక్కగట్టి కూల్చాలని నగరంవాళ్లు చూస్తే దాన్నీ ఆపించింది. మంఫర్డ్‌కి కూడా మోసెస్ రోడ్లంటే గిట్టదు, ఆ సంగతి చెప్పకపోతే తప్పవుతుంది. కానీ తాను గౌరవించే తోటనగరాల సిద్ధాంతాన్ని ఈవిడ ఎగతాళి చేసిందని ఆయన కోపం. కోపం వస్తే రావచ్చు గాని, ‘మదర్’ అని ఎత్తుకోవడం ఏమిటి చెప్పండి? ఆయనని ‘ఫాదర్ మంఫర్డ్’ అని ఎవరైనా రాశారా?

ఇంతకీ ఆవిడ చెప్పిందేమిటంటే, వీధి బాగుండాలంటే వీధిలో మనుషులుండాలి. పోలీసు ఒక్కడే వీధిని కాయలేడు. అంగడివాడూ, కిటికీలో నిలబడ్డ ముసలమ్మా, పనిమీద పోయే వాళ్లూ కాస్తారు. మనుషులు ఊరికే వీధిలోకి రారు, పనుండాలి. అందుకని ఇళ్లూ అంగళ్లూ కార్ఖానాలూ కలిసి వుండాలి. సందులు దగ్గర దగ్గరగా వుండి అడుగడుగునా మలుపులుండాలి. కొత్త కట్టడాల పక్కన అద్దె తక్కువుండే పాత కట్టడాలూ మిగలాలి. జనం కాస్త ఒత్తుగానే వుండాలి.

ఇదంతా చదువుతుంటే నాకు నవ్వొచ్చింది. ఇది న్యూయార్కు కాదు, మా ప్రొద్దుటూరు! 1915లోనే మునిసిపాలిటీ అయిన వూరు మాది, రైలు మాత్రం 2016లో వచ్చింది, ఎర్రగుంట్ల-నంద్యాల లైను వేసినప్పుడు. అంటే నూరేళ్లపాటు బస్సూ బండీ కాళ్లూ నమ్ముకుని పెరిగిన వూరు. అందుకే బజారు అంత ఒత్తుగా వుంటుంది. రెండో బొంబాయి అని పేరు తెచ్చిన బంగారం అంగళ్లూ, బట్టల అంగళ్లూ కింద, మిద్దె మీద కాపురాలు. పక్క సందులో కంసాలి కుంపటి, దాని పక్కన కారం దోసెల పెనం, ఎదురుగా ట్యూషను. మా అత్తగారి అరుగు మీద కడప బండలు. ఆ బండల మీద సాయంత్రం పూట నలుగురు ఆడవాళ్లు కూచుంటే ఆ సందులోకి దొంగ కాదు కదా, కొత్త కుక్క కూడా జడుసుకుంటూ రావాల్సిందే. దసరా పది రోజులూ చూడాలి! వాసవీ కన్యకాపరమేశ్వరి అమ్మవారి ఊరేగింపు వచ్చేటప్పుడు అర్ధరాత్రి పన్నెండింటికి ఆడపిల్లలు ఒంటినిండా నగలతో నడిచిపోతారు. జేకబ్సమ్మ చూసివుంటే ఇంకో అధ్యాయం రాసేది.

మెచ్చుకోలు అయ్యింది. ఇప్పుడు విమర్శకి వస్తాను.

పుస్తకంలో తాళంచెవుల ముచ్చట ఒకటుంది. వాళ్ల వీధిలో జనం చుట్టాలెవరైనా వస్తే తాళంచెవి సందు చివర అంగడాయనకి ఇచ్చి పోయేవారట. ఆయన అది తీసుకుని, ఎవరొస్తే వాళ్లకి ఇచ్చేస్తాడు. వచ్చింది ఎవరు, ఎందుకొచ్చారు అని అడగడు, ఇంకొకరితో అనడు. సహాయం కావాలి, కానీ ఇంటిగుట్టు ఇంట్లోనే వుండాలి, మంచి వీధి ఈ రెంటినీ నిలబెడుతుందని ఆవిడ వాదన. ఇక్కడే నేను పుస్తకం మూసి కాసేపు ఆలోచించాను. మేమూ తాళంచెవి ఎదురు అంగడిలోనే ఇస్తాం. మర్నాడు ఉప్పుకో పప్పుకో పోతే, “ఏమ్మా, నిన్న మీ ఇంటికొచ్చినాయన ఎవురు? కొత్తముఖం మాదిరుండాడే!” అని మొదలు. మనం జవాబు చెప్పేలోపే ఆ కొత్తముఖం ఎవరో నాలుగిళ్లవాళ్లు తేల్చేసి వుంటారు.

నవ్వుకోవడానికి బాగానే వుంటుంది, మనం యాభై దాటినవాళ్లమైతే. పద్దెనిమిదేళ్ల పిల్లకి అది నవ్వులాట కాదు. మా చిన్నమ్మి కాలేజీలో చదివేటప్పుడు ఒకరోజు కూరగాయల మార్కెట్టు దగ్గర క్లాసులో పిల్లవాడితో పరీక్షల సంగతి ఏదో మాట్లాడిందట. అది ఇల్లు చేరకముందే కబురు ఇల్లు చేరింది. “అక్కా, మీ పాప మార్కెట్టు కాడ ఎవురో పిల్లోనితో నిలబడి మాట్లాడతాండె, నీకు తెలిస్తే మంచిదని చెప్తాండా” అని. చెప్పినావిడ చెడ్డది కాదు. పిల్ల కింద పడితే ముందు పరుగెత్తేదీ ఆవిడే. రెండూ ఒకే కళ్లు! జేకబ్సమ్మ వీధి కళ్లని కాపలా అంది. ఆ కళ్లే కావలి కాసి, అవే కట్టడి చేస్తాయని రాయలేదు. మన వూళ్లలో పిల్లకి తోడు దొరికేదీ, చదువు మానిపించేదీ ఒకే అరుగు మీద నుంచి. ఈ ముడి విప్పకుండా “పాత వీధులే మంచివి” అని ఎవరన్నా నేను ఒప్పుకోను.

ఇంకో సంగతి. మా వూరి బజారులో అంగళ్లు కలిసి వుంటాయి, నిజమే. మనుషులు అంతగా కలిసి వున్నారా? ఏ సందు ఎవరిదో పేరు చెబితే తెలిసిపోతుంది. ఫలానా వాళ్లకి మిద్దె అద్దెకివ్వం అనే మాట ఇప్పటికీ వింటాం. ఆవిడ పుస్తకంలో కూడా నల్లవాళ్లని ఇళ్లలోకి రానివ్వని సంగతి రావాల్సినంత రాలేదని అక్కడి విమర్శకులే అన్నారు. అంగళ్లు కలపడం ప్లాను గీసినంత సులువు, కాపురాలు కలపడం కాదు.

అయితే ఇన్ని లోపాలున్న పుస్తకాన్ని మీ ముందు ఎందుకు పెడుతున్నానంటే, మా పెద్దమ్మాయి పురుడుకని టెక్సాసు పోయి ఆరునెల్లు వుండివచ్చాను కనక. డల్లాసు పక్కన ఫ్రిస్కో. తెలుగువాళ్లు ఎంతమందో! హనుమంతుడి గుడి వుంది, గోంగూర దొరుకుతుంది, పిలిస్తే పలికే పురోహితులున్నారు. లేనిదల్లా ఒకటే, గడప దాటితే పోవడానికి ఒక చోటు. ఇళ్లన్నీ ఒకచోట, అంగళ్లన్నీ ఇంకోచోట, మధ్యన ఆరు వరుసల రోడ్డు. కొత్తిమీర కట్ట అయిపోతే సాయంత్రం దాకా అల్లుడికోసం ఎదురుచూపు. కారు నడపడం రానివాళ్లు అక్కడ పసిపిల్లలతో సమానం. సాయంకాలం పూట నాలాంటి అమ్మమ్మలూ నాయనమ్మలూ, మంకీ టోపీలు పెట్టుకున్న తాతలూ కాలనీ మధ్య తవ్విన కుంట చుట్టూ గానుగెద్దుల్లా తిరుగుతుంటారు. “ఎన్నాళ్లయ్యింది వచ్చి? ఎప్పుడు పోతారు?” ఇవే పలకరింపులు. ఒకావిడ గుంటూరు నుంచి వచ్చింది, నాలుగో నెల. “ఇల్లు రాజభవనమేనండీ, కానీ వీధి చచ్చిపోయింది” అంది. ఆవిడ జేకబ్స్‌ని చదవలేదు.

అది అలా ఎలా తయారయింది? ఊరికే కాలేదు. ఇళ్లుండే చోట అంగడి పెట్టకూడదని అక్కడి వూళ్లు చట్టాలు చేసుకున్నాయి. 1926లో సుప్రీంకోర్టు వాటికి సరేనంది. 1956లో దేశమంతటా పెద్దరోడ్లు వెయ్యడానికి ఇంకో చట్టం వచ్చింది. పాత పేటల్ని కూల్చి బీదవాళ్లకి పచ్చిక మధ్య అంతస్తుల మేడలు కట్టారు. సెయింట్ లూయీలో ప్రూయిట్-ఐగో అని 33 మేడలు, ఒక్కోటి 11 అంతస్తులు. 1950ల్లో ఘనంగా కట్టి, 1972 నుంచి మందుపెట్టి పేల్చేశారు. న్యూయార్కులో అలాంటి ఒక కాలనీలో వాళ్లకి పచ్చిక అంటే ఎందుకంత కసి అని పరిశీలిస్తే తెలిసిందేమిటో జేకబ్స్ రాసింది. తమ ఇళ్లు పోయాయి, స్నేహితులు చెల్లాచెదరయ్యారు, ఓ కప్పు కాఫీ తాగే చోటు లేదు, అవసరానికి చేబదులిచ్చే మనిషి లేడు. చూడవచ్చిన పెద్దలు మాత్రం పచ్చిక చూసి, బీదవాళ్లకి అన్నీ అమిరాయని మురిసిపోతారట. పుస్తకం మొత్తంలో నా కళ్లు చెమర్చిన చోటు అది.

ఎందుకంటే ఆ మాట నేను ఇక్కడా విన్నాను. గండికోట జలాశయంలో నీళ్లు పెంచినప్పుడు, 2020లో, మా జమ్మలమడుగు వైపు తాళ్లప్రొద్దుటూరు వూరు ఖాళీ అయింది. సీమకి నీళ్లు కావాలి, ఆ మాట కాదనే నోరు మా జిల్లాలో ఎవరికీ లేదు. కానీ కొత్తచోట స్థలానికి ఇంత, ఇంటికి ఇంత అని డబ్బు లెక్కలు వేసినంత శ్రద్ధగా, ఎవరి పక్కన ఎవరుండాలో లెక్క వేసేవాళ్లు ఏ సర్కారులోనూ నాకు కనపడరు. పుట్టింటి తరఫు దూరపు చుట్టం ఒకామె నీళ్లకి వూరు విడిచింది. “పరిహారం ఇచ్చినారు లేమ్మా, మా పక్కింటి లచ్చుమమ్మని యాడిచ్చినారు?” అంది.

అదే సంవత్సరం డిసెంబరులో రాష్ట్రమంతటా 30 లక్షల పైచిలుకు ఇళ్లపట్టాలు పంచారు. ఆడవాళ్ల పేరు మీద పట్టా, అది చిన్న సంగతి కాదు. నాకు తెలిసిన పాచిపని చేసుకునే ఆమె ఆ కాయితాన్ని దేవుడి పటం వెనక దాచుకుంది. పట్నాల్లో మనిషికి సెంటు, అంటే 48 గజాలు. చోటు తక్కువని కొందరన్నారు. నా ఫిర్యాదు గజాల మీద కాదు. చాలాచోట్ల లేఅవుట్లు వూరవతల వేశారు, లాటరీ తీసి నంబర్లు పంచారు. నాలుగిళ్లలో పాచిపని చేసుకునే మనిషి ఆ నాలుగిళ్లకీ దూరమైతే, రానూపోనూ ఆటో ఛార్జీలు పోగా ఏం మిగుల్తుంది? చంటిపిల్లని ఎవరి అరుగు మీద వదిలి వస్తుంది? ప్లాను గీసేవాళ్లకి ఇల్లంటే నాలుగు గోడలు. ఆమెకి ఇల్లంటే పొద్దున ఆరింటికి బిడ్డని చూసుకునే పక్కింటి అవ్వ. ఈ లెక్క వెయ్యడానికి ఆర్కిటెక్టు చదువు అక్కర్లేదు, ఒక్క పూట ఆమె వెంట నడిస్తే చాలు.

పులివెందుల సంగతి వేరు. డబ్బు లేక కాదు, ఆలోచన లేకా కాదు. అక్కడ ప్రత్యేకంగా పాడా అని అభివృద్ధి సంస్థే వుంది. వూరిచుట్టూ రింగురోడ్డు, 2022 డిసెంబరులో కొత్త బస్ టెర్మినల్, 2024 మార్చిలో సెంట్రల్ బొలీవార్డ్, ఉలిమెల్ల చెరువు దగ్గర లేక్‌ఫ్రంట్. రాయలసీమ వూరికి బొలీవార్డ్ అని ఫ్రెంచి పేరేమిటని మొదట నేనూ ముక్కున వేలేసుకున్నాను, కానీ నడవడానికి బాట, పక్కన చెట్లు అంటే ఎవరికి చేదు? ఎండాకాలం మా జిల్లాలో నడిచినవాళ్లకి తెలుస్తుంది నీడ విలువ. చెరువు గట్టు ఎలా వుందని ఆడబిడ్డని అడిగితే, “శానా బాగుంది వదినా, కానీ నడిచేదానికి బండెక్కి పోవాల” అంది. నాకు ఫ్రిస్కో కుంట గుర్తొచ్చింది. పార్కు పక్కన పనులుంటేనే పార్కు బతుకుతుందని జేకబ్స్ ఒక అధ్యాయమంతా రాసింది. పాలకేంద్రమో, పిండిమరో, గుడో, బడో వుంటే పనిమీద వచ్చినామె పదినిమిషాలు కూచుంటుంది. షికారు కోసమే చీర మార్చుకుని పోవాలంటే మగవాళ్లు పోతారు, మనం ఆదివారాలకి పోతాం.

మంఫర్డ్ గారి మాటకి మళ్లీ వస్తాను. ఆయన అన్నట్టు ఈ వైద్యంతో తీరని జబ్బులున్నాయి. హడ్సన్ స్ట్రీట్‌లో కొళాయి తిప్పితే నీళ్లు వచ్చేవి, మురుగు కనపడకుండా పోయేది. అందుకే ఆవిడకి నీళ్ల బిందె గురించీ కాలువ కంపు గురించీ రాయాల్సిన పని పడలేదు. మా పాత సందులు ఎంత ముద్దొచ్చినా వానొస్తే మోకాటి లోతు. ఆ పని అరుగు మీద ఆడవాళ్లు చేసేది కాదు, మునిసిపాలిటీ చెయ్యాలి, దానికి ప్లానూ డబ్బూ కావాలి. ఇంకో విచిత్రం, ఆవిడ కాపాడిన పేట అందరికీ అంత నచ్చి, ఆఖరికి ఆవిడలాంటి మధ్యతరగతి మనిషి అక్కడ ఇల్లు కొనలేని రోజు వచ్చింది. ఆవిడ మాత్రం 1968లోనే, కొడుకుల్ని వియత్నాం యుద్ధానికి పంపడం ఇష్టంలేక కుటుంబంతో కెనడా పోయి, 2006లో టొరంటోలో పోయింది.

ఇప్పుడు అమెరికావాళ్లు కొంచెం కొంచెంగా ఆవిడ దారికి వస్తున్నారు. శాన్ ఫ్రాన్సిస్కోలో భూకంపానికి దెబ్బతిన్న సముద్రపు ఒడ్డు పైరోడ్డుని బాగుచెయ్యకుండా 1991లో పడగొట్టి కింద మనుషులు నడిచే వీధి వేశారు. మినియాపొలిస్‌లో ఒక్కో స్థలంలో ఒక్క కుటుంబమే వుండాలనే పాత నిబంధన తీసెయ్యాలని 2018లో తీర్మానించారు. వాళ్లు వదిలేస్తున్న చీరని మనం పండక్కి కొంటున్నాం. మనవి 1920 నాటి మద్రాసు టౌన్ ప్లానింగ్ చట్టం దగ్గర మొదలైన వూళ్లు, వాటికి ప్లాన్లు కొత్త కాదు. ప్లాను గీసే గదిలో బజారుకి నడిచి పోయే మనిషి వుండడమే కొత్త.

పుస్తకం చదవదలచినవాళ్లకి ఒక మాట. 22 అధ్యాయాలున్నాయి, ఇంగ్లీషు కష్టమేం కాదు, రుసరుసలాడుతూ హాయిగా రాస్తుంది. ముందు పీఠిక చదివి, ఫుట్‌పాత్‌ల మీద మూడు అధ్యాయాలూ చదవండి. పిల్లల మీద రాసినది తప్పకుండా. వూళ్లు ప్లాను చేసేది మగవాళ్లే, అయినా పగటిపూట మగవాళ్లే కనపడని పేటలు గీస్తారు, పిల్లల్ని చూసే పని అంతా తల్లుల మీద పడుతుంది అని అరవై ఏళ్ల కిందట రాసిపెట్టింది. బ్యాంకు అప్పుల మీద, ఇళ్ల సబ్సిడీల మీద వున్న అధ్యాయాలు దాటెయ్యవచ్చు, అవి అక్కడి లెక్కలు. మా మహిళామండలిలో మాత్రం మొదటి వంద పేజీలూ తెలుగులో చెప్పుకుంటూ నాలుగు శనివారాలు చదివాం. మూడో శనివారం ఒకావిడ లేచి, మన బజారులో ఇన్ని బంగారం అంగళ్లున్నాయి, నగ చూడటానికి నాలుగు గంటలు కూచోబెడతారు, ఆడది మరుగుకి ఎక్కడికి పోవాలి అని అడిగింది. పుస్తకంలో వెతికాం. ఆ సంగతి జేకబ్సమ్మ కూడా రాయలేదు. మునిసిపాలిటీకి అర్జీ మేమే రాశాం, ముప్ఫై ఒక్క సంతకాలతో.